గొడుగుల కొట్లో చుట్టం

“తలుపు తీసే ఉంది, లోపలికి రండి. గొడుగు బాగుచేయాలా?” అంది ఆమె తలెత్తకుండానే. ఒళ్ళో ఊచలు విరిగిన గొడుగు, చేతిలో పటకారు.

తలెత్తి చూసేసరికి గుమ్మంలో తల నుంచి కాళ్ళ దాకా బూడిదరంగు ముసుగు. ఆమె చేతిలోని పటకారు జారి కింద పడింది.

కాలం దాటి వచ్చేవాళ్ళే అలాంటి ముసుగు వేసుకుంటారు. వాళ్ళకు తాతల నాటి మాట ఒకటి ఉంది. తమ కాలంలో బతికున్నవాళ్ళ కోసం వెళ్ళకూడదు, పోయినవాళ్ళ కోసమే వెళ్ళాలి. కళ్ళారా చూసుకుని, మొహం చూపకుండా, ఏమీ చెప్పకుండా తిరిగి రావాలి. చెప్పినంత మాత్రాన జరిగేది ఆగదు, మిగిలిన నాలుగు రోజులూ పాడవుతాయి తప్ప. అందుకే ముసుగు మనిషి గుమ్మం తొక్కిందంటే ఎంతటివాళ్ళకైనా గుండెల్లో రాయి పడుతుంది.

“నా కోసమేనా?” అంది.

ముసుగు మనిషి అవుననలేదు, కాదనలేదు. మెల్లగా వచ్చి బల్ల చివర కూర్చుంది. బల్ల అంచు పట్టుకున్న చేతులు ముడతలు పడి ఉన్నాయి.

గది మూల, తెరిచిపెట్టిన పెద్ద గొడుగు కింద పిచ్చుక ఆడుకుంటోంది. ఆమె ఆరేళ్ళ కూతురు. ఒక్కచోట కుదురుగా ఉండదని వాళ్ళ నాన్న పెట్టిన ముద్దుపేరు అది.

“ఇది మా ఇల్లు. నువ్వూ వస్తావా మామ్మా?” అంది పిచ్చుక.

ముసుగు మనిషి లేచింది. మోకాళ్ళు పట్టేసినా ఎలాగో వంగి, ఆ గొడుగు కిందకి దూరి కూర్చుంది.

ఆమె చూస్తూ ఉండిపోయింది. గొడుగులు బాగుచేసుకునే మనిషి కోసం ఇంత దూరం పడి వచ్చేది కడుపున పుట్టిన పిల్ల కాక ఇంకెవరు? ఆ ముడతల చేతులు మళ్ళీ చూసింది. అప్పటిదాకా ఉన్న భయం కాస్తా పోయింది.

“నువ్వటే! నాకంటే ముసలిదానివైపోయావు కదే!” నవ్వబోయి ఏడ్చేసింది. “అంత కాలం బతికావు. నాకదే చాలు తల్లీ. నేను రేపు పోయినా బెంగ లేదు.”

ముసుగు లోపల భుజాలు కదిలిపోయాయి.

“ఏడవకు. మీ నాన్న వేళకు తినడు, కాస్త కనిపెట్టుకుని ఉండు. అయినా నీకిదంతా ఎప్పుడో అయిపోయిన సంగతి కదూ, నా పిచ్చి గానీ.” కళ్ళు తుడుచుకుని పిల్ల వైపు తిరిగింది. “పిచ్చుకా, పక్కింటికెళ్ళి ఆడుకో. నేను మామ్మతో మాట్లాడాలి.”

“వద్దు!” ముసుగు మనిషి నోరు విప్పడం అదే మొదలు. గొంతు బొంగురుపోయి ఉంది. “ఉండనివ్వు.”

“చిన్నప్పటి నిన్ను చూసుకుని ఏం చేస్తావే? వచ్చింది నా కోసం కదా, నన్ను చూడు.”

ముసుగు మనిషి వినిపించుకోలేదు. పిల్లను ఒళ్ళోకి లాక్కుని, చెదిరిన జుట్టు వేళ్ళతో దువ్వుతోంది.

“పోనీ, ఒక్కసారి అమ్మా అని పిలవవూ?”

అదీ లేదు.

వీధి చివర గంట మోగింది. అది విన్నాక వచ్చినవాళ్ళు ఆగడానికి వీల్లేదు. ముసుగు మనిషి పిల్లను వదల్లేక వదిలి లేచింది.

ఆమె గుమ్మానికి అడ్డంగా నిలబడింది. “ఒక్కసారి ముసుగు తియ్యి. నా బిడ్డ పెద్దయ్యాక ఎలా ఉంటుందో చూసుకుంటాను. ఇంకేమీ అడగను.”

“వద్దు. పెద్దలు ఆ మాట ఊరికే అనలేదు.”

“పోయేదాన్ని నేనేగా! నీ మొహం చూస్తే నాకు కొత్తగా వచ్చే నష్టమేముంది?”

“చెబుతున్నానా, వద్దు. ఈసారైనా నా మాట విను.”

పక్కనుంచి తప్పుకుని పోబోయింది. కన్నకడుపు ఊరుకోలేదు. ఆమె చెయ్యి చాచి ముసుగు అంచు అందుకుని లాగేసింది. నెరిసిన జుట్టు బయటపడింది.

ముసుగులో ఉన్నది పిచ్చుక కాదు, ముసలిదైపోయిన తనే.