మూడో తలుపు

"అమ్మా, పాప ఏడుస్తోంది! ఏదో ఒకటి చెయ్యి!"

"ఏడుపు వినిపిస్తోంది గానీ పాప ఎక్కడుందో కనిపిస్తేగా?" తల్లి కంప్యూటర్ తెరకు ముక్కు తగిలేంత దగ్గరగా వంగింది.

తెర మీద ఆటలోని అమ్మ రెండు చేతులతో తల పట్టుకుని హాల్లో గుండ్రంగా తిరుగుతోంది. ఆ ఇంట్లోనే ఎక్కడో ఆమె పసిపాప గుక్కపట్టి ఏడుస్తోంది. మూలన ఎర్ర అక్షరాలు వెలిగి ఆరుతున్నాయి. 'పది నిమిషాల్లో పాపకు పాలు పట్టకపోతే సంక్షేమాధికారి వచ్చి తీసుకుపోతారు.'

ఆ కుటుంబాన్ని కూతురు సెలవుల్లో మొదలుపెట్టి కంటికి రెప్పలా సాకుతోంది. అమ్మమ్మ అయింది, అమ్మ అయింది, ఇది మూడో తరం. ఆ పాప పోతే వంశం అక్కడితో ఆఖరు. ఆట కూడా అంతే.

"అంతా నీవల్లే! నా పాత ఇల్లు బాగానే ఉందిగా. కొత్త ఇల్లు కావాలని నిన్ను ఎవరడిగారు?"

తల్లి తెర మీది గోడలన్నీ మరోసారి వెతికింది. మధ్యాహ్నం కూతురు స్కూల్లో ఉండగా, వచ్చేసరికి ఆశ్చర్యపరుద్దామని ఆ ఇంటిని డౌన్‌లోడ్ చేసింది తనే. ఆటలో తాము కట్టిన ఇళ్ళను జనం ఊరికే పంచుకునే పేజీ ఒకటుంది. అందులోని రాజభవనాలన్నీ దాటేసి ఆమె ఒక చిన్న ఇంటి దగ్గర ఆగింది. కట్టినావిడ పేరు 'గువ్వగూడు' అని ఉంది. కింద ఒక్క వాక్యం: 'ఇది నేనుండే ఇల్లే, అంగుళం తేడా లేకుండా కట్టాను.' నిజమే, గరిటెలు తగిలించే కొక్కేల నుంచి సింకు పక్కన ఆరేసిన మసిగుడ్డ దాకా అన్నీ ఉన్నాయి. ఇంత పొందికైన ఇల్లాలు ఎవరో అనుకుని ముచ్చటపడింది. ఫైల్‌ను ఆట ఫోల్డర్‌లో పెట్టింది, పాత ఇల్లు తీసేసింది, కుటుంబాన్ని కొత్తింట్లో దింపింది, పద్ధతిగా సేవ్ కూడా చేసింది.

ఉయ్యాలతొట్టి ఎక్కడుంటే పాపను ఆట అక్కడే పడుకోబెడుతుందనీ, ఈ ఇంట్లో ఆ తొట్టి దారీ తెన్నూ లేని లోపలి గదిలో ఉందనీ ఆమెకేం తెలుసు?

"గోడ పడగొట్టేద్దాం," అని కూతురు మౌస్ నొక్కింది.

'పాప ఏడుస్తుండగా మరమ్మతులు చేయరాదు' అంది ఆట.

"చూశావా, దీనికీ నీ అంత పట్టింపు!"

"లోపలి గదికి దారెటని ఆవిడకు రాశానే. జవాబిస్తుందిలే."

"ఎప్పుడు? పాప పెళ్ళయ్యాకా?"

"ఏమిటే మీ గోల?" పడకగదిలోంచి తండ్రి కళ్ళు నలుపుకుంటూ వచ్చాడు. "పొద్దుననగా క్యాంపు నుంచి వచ్చినవాణ్ణి, కాసేపు కన్ను మూయనివ్వరా? ఎవరి పిల్లది, ఆ ఏడుపు?"

బీమా కంపెనీలో ఇన్‌స్పెక్టర్ ఆయన. వారంలో సగం రోజులు పొరుగూరి క్యాంపే. ఈసారి లాడ్జి బాత్రూం తలుపు తగిలిందంటూ నుదుటి మీద ప్లాస్టర్‌తో దిగాడు.

"ఆ ప్లాస్టర్ ఊడొస్తోందండీ, మార్చనా?" అంది భార్య తెర మీంచి చూపు తిప్పకుండానే.

"ముందా ఏడుపు ఆపండి బాబూ."

"పాప లోపల ఉండిపోయింది నాన్నా! గదికి తలుపే లేదు. ఇంకా రెండు నిమిషాలే ఉంది!"

ఆటలంటే ఆయనకు ఒళ్ళుమంట. ఇన్నాళ్ళలో ఆ తెర వంక తొంగి చూసిన పాపాన పోలేదు. ఇప్పుడూ నిద్రమత్తులో ఆవులిస్తూ ఒక్క చూపు విసిరాడు.

"ఆ చెక్క అల్మారాకి మూడో తలుపు తియ్యండి. అది అల్మారా కాదు, దారి. తల వంచుకుని వెళ్ళమను," అంటూ మంచినీళ్ళకు వంటింట్లోకి పోయాడు.

కూతురు మూడో తలుపు మీద నొక్కింది. తలుపు తెరుచుకుంది. వెనక చిన్న గది, కిటికీ పక్కన నీలిరంగు తొట్టి, తొట్టిలో పాప. ఆటలోని అమ్మ పరుగున వెళ్ళి పాపను ఎత్తుకుంది. పాలసీసా నోట్లో పెట్టేసరికి ఏడుపు ఆగింది. ఎర్ర అక్షరాలు మాయమయ్యాయి.

"నాన్నా, నువ్వు సూపర్! నీకెలా తెలిసింది?"

వంటింట్లో బిందెలో ముంచిన గ్లాసు చప్పుడు ఠక్కున ఆగిపోయింది.

"ఊహించానంతే," అని అక్కణ్ణుంచే వినిపించింది. "బీమావాణ్ణి... ఎన్ని ఇళ్ళు చూడను?"

"మీ నాన్న బుర్రే బుర్ర!" తల్లి గుండెల నిండా ఊపిరి పీల్చుకుని కుర్చీలో వెనక్కి వాలింది. "మనం ఇందాకటి నుంచి కొట్టుకుంటున్నాం. ఆయన ఆవులించేలోగా తేల్చేశారు."

కంప్యూటర్ టింగుమంది.

"అమ్మా, గువ్వగూడు ఆంటీ జవాబిచ్చింది! ఇప్పుడా ఇచ్చేది?" కూతురు పకపకా నవ్వి, నీళ్ళ గ్లాసుతో గుమ్మంలోకి వచ్చిన తండ్రికి కూడా వినపడేలా గొంతెత్తి చదివింది.

"'అయ్యో, చెప్పడం మరిచాను, ఏమనుకోకండి. అల్మారా మూడో తలుపే దారి. మా ఇంట్లో అది మరీ పొట్టిది లెండి. నిన్న మా బాబు ఏడుస్తుంటే పరుగెత్తుకెళ్ళి మావారు నుదురు పగలగొట్టుకున్నారు. పాపం, పొద్దున ఆ ప్లాస్టర్‌తోనే క్యాంపుకు వెళ్ళారు.'"