దూలం మీది బల్లి

పశువుల కొట్టంలో దీపం ముసలి ఎద్దు నెత్తి మీదే, దూలానికి వేలాడేది. పురుగులన్నీ అక్కడికే వచ్చేవి. బల్లి అక్కడ చేరిన రోజున ఎద్దు, "ఉండవే తల్లీ, నేను మాట్లాడినప్పుడు కాస్త పలుకుతూ ఉండు," అంది.

"నిజమనిపిస్తేనే పలుకుతాను," అంది బల్లి పౌరుషంగా.

మొదట్లో నిజమనిపించే పలికింది. ఆ తర్వాత పురుగుల కోసం పలికింది. "మేత ముందు పెద్దలకే, అది తాతల నాటి కట్టుబాటు," అని ఎద్దు అనడం, బల్లి టిక్కుటిక్కుమనడం, "బల్లే పలికింది, ఇంకేం కావాలి!" అని మందంతా తలలూపడం. పక్క కొట్టాల పశువులు కూడా బల్లి ఏమందని ఆరా తీసేవి. బల్లికి పొట్ట పెరిగింది. టిక్కుటిక్కు తప్ప వేరే మాటలన్నీ మరుపున పడ్డాయి.

ఒక సాయంత్రం చిన్న దూడ, "తాతా, దూలం కిర్రుమంటోంది. మేం దూడలం బయట పడుకుంటాం," అంది.

"మన తాతల నాటి దూలంరా అది! చెక్కుచెదరదు," అంది ఎద్దు.

అప్పుడే బల్లి కాళ్ళ కింద దూలం పొడుగునా చీలింది. లోపలంతా చెదలే. పారిపోండని చెబుదామని బల్లి గొంతు చించుకుంది. వచ్చింది టిక్కుటిక్కే.

"విన్నావా? బల్లి పలికింది," అని తల్లి ఆవు కసిరింది. దూడ సిగ్గుపడి మళ్ళీ దూలం కిందే పడుకుంది.

బల్లి ఒక్కటే, దీపం వంక ఓసారి దిగులుగా చూసి, గోడ మీదికి పాకింది.