మరీ బాగున్న సరుకు

“మీ సరుకు మరీ బాగుంది మేస్త్రీగారూ. అందుకే పంపడం కుదరదు,” అంది ఓడరేవు కస్టమ్స్ ఆఫీసరమ్మ.

లేతు మిషను మీద పనిచేసే మేస్త్రి బిత్తరపోయాడు. బాగాలేదని సరుకు వెనక్కి కొట్టినవాళ్లను చూశాడు గానీ, బాగుందని ఆపినవాళ్లను చూడటం ఇదే మొదలు.

“అవి మీగడ తీసే మిషన్లో తిరిగే షాఫ్టులమ్మా. పాలు పోస్తారు, మీగడ తీస్తారు. అంతే. బాంబులు కావు.”

“బాంబులని నేనూ అనలేదు. కానీ ఇంత నిక్కచ్చిగా తిరిగే షాఫ్టు మీగడనే కాదు, బాంబుకి పనికొచ్చే యురేనియాన్నీ వేరు చేయగలదు. వంకర ఫలానా గీతకంటే తక్కువ ఉంటే ఎగుమతి నియంత్రణ జాబితాలో చేర్చమని రూలు. దానికి లైసెన్సు కావాలి.”

“ఎప్పుడొస్తుందమ్మా?”

“ఏడాది పట్టొచ్చు.”

ఓడ సాయంత్రం కదులుతుంది. ఇందులో సరుకు వెళ్లకపోతే ఇంకొకరిని చూసుకుంటామని అవతలి కంపెనీ ముందే తేల్చి చెప్పింది. చేతిలో వేరే ఆర్డరు లేదు. తన లేతు షెడ్డుకి తాళం పడుతుంది, దాన్ని నమ్ముకున్నవాళ్లంతా రోడ్డున పడతారు.

“మీకు దణ్ణం పెడతాను తల్లీ. అంత గొప్పవేం కావవి. ఏదో చేతికొచ్చినట్టు చేసిపారేశాను. ఇంకోసారి కొలవండి.”

తన పనిని తనే తిట్టుకోవడం అతనికి జీవితంలో అదే మొదటిసారి. ఆఫీసరమ్మ చెడ్డ మనిషేం కాదు. పెట్టె అడుగునుంచి ఇంకో షాఫ్టు తీసి కొలిచే మిషను మీద పెట్టి తిప్పింది. వంకర ఎంతో చూపించే డయల్ గేజు ముల్లు ఉన్నచోటు నుంచి కదలనే లేదు. గర్వపడాలో ఏడవాలో తెలియక మేస్త్రి దాన్నే చూస్తూ నిలబడ్డాడు.

“కాస్త నాసిగా ఉంటే వీటిని ఉత్త యంత్ర భాగాలని రాసి, ఇప్పటికిప్పుడు ముద్ర కొట్టి పంపించేదాన్ని. గేటు మూసేదాకా ఇక్కడే ఉంటాను,” అందావిడ. పాపం, ఆవిడ మాత్రం అంతకంటే ఏం చెప్పగలదు!

బయట లారీ దగ్గర మేస్త్రి భార్య కాచుకుని ఉంది. సంగతి వినగానే ఇంతెత్తున లేచింది.

“నేను మొత్తుకుంటూనే ఉన్నానా! వాళ్లడిగింది మామూలు షాఫ్టులు. మీగడకి అంత సోకెందుకండీ అంటే విన్నారా? పసిపిల్లకి ఒళ్లు తోమినట్టు ఒక్కొక్కదాన్నీ రుద్దుకుంటూ కూర్చున్నారు!”

“ఇప్పుడు తిట్టి ఏం లాభమే?”

“తిట్టడం కాదు, సుత్తి తీయండి. పాడుచేయండి.”

మేస్త్రి ఉలిక్కిపడ్డాడు. “నా చేత్తోనా?”

“ఆఁ, మీ చేత్తోనే! మామూలు షాఫ్టుల పాటి ఉంటే చాలన్నారుగా, వాళ్లకొచ్చే నష్టమేం లేదు. షెడ్డులో వాళ్ల మొహాలు ఒక్కసారి తలుచుకోండి.”

అతను లారీలోంచి చెక్క దిమ్మ దించి, షాఫ్టు దాని మీద పెట్టి సుత్తి ఎత్తాడు. చెయ్యి గాల్లోనే ఆగిపోయింది. పళ్లు బిగించి మళ్లీ ఎత్తాడు. మళ్లీ అంతే. ఎవరో పట్టుకు లాగుతున్నట్టు చెయ్యి కిందికి రానంటోంది.

“నావల్ల కాదే,” అన్నాడు. కళ్లలో గిర్రున నీళ్లు తిరిగాయి.

ఆవిడ కాస్త మెత్తబడింది. “పోనీ కళ్లు మూసుకోండి. నేను పెడుతుంటాను, మీరు కొడుతుండండి. చూస్తేగా బాధ!”

కళ్లు గట్టిగా మూసుకున్నాడు. ఠంగ్! ఆవిడ ఒకటి తీసి ఇంకొకటి పెట్టింది. ఠంగ్! ప్రతి దెబ్బా తన వీపు మీద పడుతున్నట్టే ఉంది. దారినపోయే హమాలీలు ఆగి, ఈ పిచ్చేమిటని చూసి నవ్వుకుంటూ పోయారు. ఆఖరి పెట్టె పూర్తయ్యేసరికి చొక్కా చెమటకి తడిసి ఒంటికి అతుక్కుపోయింది. ఆవిడ కొంగుతో అతని మొహం తుడిచి, “పదండి, పదండి,” అంటూ తోసింది.

చెమటలు కక్కుతూ వచ్చిన ఇద్దర్నీ, వెనక హమాలీలు మోసుకొచ్చిన పెట్టెల్నీ ఆఫీసరమ్మ చూసింది. ఏం జరిగిందో అర్థమైనట్టే ఉంది, అడగలేదు. ఒక షాఫ్టు తీసి మిషను మీద పెట్టి తిప్పింది. ముల్లు ఎగిరి గీత దాటింది.

“ఇది పాడేనా అమ్మా?”

“పాడే.”

“మరి ఇది?”

“ఇదీ పాడే.”

ఆ మాట చెవికి ఇంత తియ్యగా ఉంటుందని మేస్త్రి కలలో కూడా అనుకోలేదు. గుమ్మంలో నిలబడ్డ భార్యకేసి తిరిగి నవ్వాడు. ఆవిడ రెండు చేతులూ ఎత్తి కనపడని దేవుడికి దణ్ణం పెట్టింది. షెడ్డు నిలబడ్డట్టే!

మరికొన్ని కొలిచి, ముద్ర చేతిలోకి తీసుకున్న ఆఫీసరమ్మ, తను రాసుకున్న కొలతల మీద ఒకసారి కన్నేసి ఆగిపోయింది. మరో పెట్టె తెరిపించి ఇంకో నాలుగు కొలిచింది. ఆ తర్వాత ముద్రను మెల్లగా బల్ల మీద పెట్టేసింది.

“ఏమైందమ్మా? ఇంకా పాడుచేయాలా?” అన్నాడు మేస్త్రి. “ఒక్కటి కూడా బాగాలేదని మీరే అన్నారుగా!”

“నిజమే, ఒక్కటీ బాగాలేదు. కానీ అన్నీ ఒకేచోట, ఒకేలా వంకరపోయాయి, వెంట్రుకంత తేడా లేదు,” అంది ఆవిడ, అతని మొహంలోకి చూడలేక. “అన్నిటిదీ ఒకే వంకరైతే, అవతలివాళ్లు ఒకే సవరణతో అన్నిటినీ సరిచేసుకోవచ్చు. ఇంత కచ్చితంగా పాడైన సరుకు, బాగున్న సరుకు కన్నా జాబితాలో ఇంకా పైన ఉంటుంది మేస్త్రీగారూ.”