నాలుగు వేళ్ల వీరుడు

"ఇది మూడొందల ఏండ్ల నాటి వీరుడి చెయ్యి. కత్తివేటుకు వేలు తెగినా కోట వదల్లేదంట," అన్నాడు గైడు జమీర్, గోడ మీది నాలుగు వేళ్ల గుర్తు చూపిస్తూ.

దుబాయ్ నుంచి బస్సులో వచ్చిన ఆఫీసు తెలుగువాళ్లు నోళ్లు తెరిచారు. నాకు నవ్వాగలేదు. నిరుడు ఆ గోడకు మట్టి పూసిన మేస్త్రీని నేనే. తడారకముందే తుంటరితనానికి చెయ్యి అద్దిందీ నేనే.

జమీర్ నా రూమ్మేటు. వాడికిది మొదటి ట్రిప్పు. ఖాళీ సీటుందని నన్నూ ఎక్కించుకున్నాడు. నేను వేలు లేని చెయ్యి పైకెత్తబోయేసరికి వాడి మొహం పాలిపోయింది.

"అన్నా, నీ కాళ్లు మొక్కుతా. మా ముదీర్, అదే మేనేజరు, ఈడనే ఉండాడు. నా ఉద్యోగం ఖలాస్!" అని గొణిగాడు.

అంతలో వైదేహి మేడమ్ ఆ గుర్తును తాకి కళ్లకద్దుకుంది. పొద్దున బస్సులో ఈ చెయ్యి చూసి నా పక్కన కూర్చోలేక సీటు మారింది ఈ మహాతల్లే. ఆమె వెనకే అందరూ వరస కట్టారు.

చెయ్యి జేబులో దాచాను. మధ్యాహ్నం వాళ్లు సముద్రంలో ఈదుతుంటే ఒడ్డునే కూర్చున్నాను. సాయంత్రం పక్కనున్న కల్బా ఊరి వీధుల్లో తిరిగినప్పుడూ బయటికి తీయలేదు.

తన ఉద్యోగం కోసమే నోరు మూసుకున్నాననుకుంటున్నాడు జమీర్, పిచ్చోడు.

మేస్త్రీ పనికి రాకముందు, షార్జా వర్క్‌షాపులో మిషన్ కింద ఆ వేలు పోయిన రోజు, అంతా నా అజాగ్రత్తేనని రాసి నాతోనే సంతకం పెట్టించారు. వీడొచ్చి దాన్ని యుద్ధంలో పోగొట్టాడు.