పడే మనిషి

"ఆ మేడ పైనుంచి నేను పడతాను" అంది గేటు దగ్గర నిలబడ్డ ఆవిడ.

డైరెక్టర్ ప్రస్సర్ కేకలేసే బాకా నోటి దగ్గర్నుంచి దించి ఆమెను ఎగాదిగా చూశాడు. ముప్పయ్యేళ్లుంటాయి. కడిగిన ముఖం, నలగని గౌను.

"పడతావా? ఇది కామెడీ తల్లీ. ఏడుపు సినిమాలవాళ్లు పక్క వీధిలో ఉన్నారు."

చుట్టూ ఉన్నవాళ్లు కిసుక్కుమన్నారు.

తీస్తున్నది రెండు రీళ్ల మూగ సినిమా. మొగుడు వద్దన్నా గోడలకు రంగులేసే పనిలో చేరిన ఇల్లాలి కథ. చివర్లో ఆవిడ మేడమీంచి వెల్ల తొట్టిలో పడుతుంది. బుద్ధొచ్చి వంటింటికి పోతుంది. ఇక మిగిలింది ఆ ఒక్క ముక్కే. సాయంత్రమైతే ఆ పాత మేడను కూలగొట్టేస్తారు.

"పడతాను. కానీ లేచి మళ్లీ నిచ్చెనెక్కుతాను. వంటింటికి పోను."

"కథ కూడా నువ్వే చెబుతావా! ఇంట్లో గిన్నెలు తోముకునే పని లేదూ?"

"తోమే వచ్చాను. మీరు తోముకున్నారా?"

ఈసారి నవ్వు డైరెక్టర్ మీదికి తిరిగింది. ప్రస్సర్ ముఖం కందగడ్డయింది.

"ఆడది పడితే ఎముకలు విరుగుతాయి గానీ నవ్వు రాదు. అందుకే అన్ని కంపెనీల్లోనూ మగాడికి గౌను తొడిగి తోస్తారు. మా డెల్ లేడూ? రెండేళ్లుగా ముఖం నిండా తెల్లరంగు పూసుకుని వస్తాడు, పడతాడు, నోరు మెదపకుండా పోతాడు. నీలాంటివాళ్లు పదిమంది వాడి కాలిగోటికి చాలరు."

"అయితే డెల్‌నే పిలుచుకోండి."

టోపీ సర్దుకుని వెళ్లిపోయింది.

మధ్యాహ్నం దాటింది. డెల్ రాలేదు.

ఇంకొకడు గౌను తొడుక్కుని పైకెక్కాడు. కిందికి చూశాడు. "నాకు పిల్లలున్నారు బాబూ" అంటూ మెట్లమీంచే దిగొచ్చాడు.

ఎండ వాలింది. కూలీలు పలుగులతో వచ్చేశారు. మొదటి దెబ్బకే కిటికీ ఊడిపడింది.

ప్రస్సర్ బట్టల గుడారంలోకి ఉరికాడు. డెల్‌కు ఎప్పుడూ కబురు పెట్టేది అక్కడ కుట్టుపని చేసే మిన్నాయే.

"వాడేడీ? రెండు రీళ్లూ బూడిదలో పోశాడు కదే! నువ్వు వేషం వేసి పంపలేదా?"

మిన్నా నోట్లోని గుండుసూదులు ఒక్కొక్కటే తీసి సూదుల దిండుకు గుచ్చింది.

"డెల్‌కు నేనెన్నడూ వేషం వేయలేదండీ, తన గౌనులోనే వచ్చేది. పొద్దున మీరు గేటు బయటికి పంపారే, ఆవిడే."