తల సాక్షిగా

"ఇది బ్రెజిల్ నుంచి ఓడలో గడ్డకట్టి వచ్చిన సరుకు కాదు కదా?" ఉన్ని కోటావిడ ముక్కు ఎగరేసి అడిగింది. జార్జియాలోని మా కుతైసీ బజారులో ఆ ముక్క అడగకుండా మాంసం కొంటే పరువు తక్కువ.

కసాయి వర్లాం బల్ల మీదున్న పంది తలని కత్తితో చూపించాడు. మా ఊళ్ళో కసాయి మాటని ఎవరూ నమ్మరు, తలని నమ్ముతారు; ఓడ సరుకుకి తల ఉండదు మరి.

"తల ఏ పందిదైనా పెట్టొచ్చు," అందావిడ.

అప్పుడే పల్లె నుంచి సంచీ మోసుకొచ్చిన త్సియాల తల మీదికి వంగి చూసింది. "ఇది నా పందే. ఈ చెవి గాటు నేను పెట్టిందే. కంచె దూరకుండా మెడకి కట్టిన కర్రలు ఒరుసుకున్న మచ్చ, ఇదుగో. మొక్కజొన్న పెట్టి పెంచాను తల్లీ."

ఇంకేముంది, కోటావిడ మూడు కిలోలు కోయించుకుంది. వెనకాలవాళ్ళు తోసుకుంటూ ఎగబడ్డారు. ఒక్క తల వెనక కొక్కేలకి తొమ్మిది తొడలు వేలాడుతున్నాయి. అంత చదువుకున్న ఊళ్ళో లెక్క వచ్చినవాడు ఒక్కడూ లేడు. పక్క కొట్లో మసాలాలు అమ్ముకునే నాకెందుకని ఊరుకున్నాను.

జనం పలచబడ్డాక త్సియాల సంచీలోంచి కొత్త తల తీసి బల్ల మీద పెట్టింది. "పాతది వాసన కొడుతోంది, మార్చెయ్."

వర్లాం సంబరపడిపోయాడు. "ఓ కిలో మాంసం పట్టుకెళ్ళు అక్కా, ఊరికే ఇస్తాను."

త్సియాల ఖాళీ సంచీ దులిపి చంకన పెట్టుకుంది.

"ఈ పంది ఒళ్ళంతా మా ఇంట్లోనే ఉంది. నీ ఓడ సరుకు మా కుక్క కూడా ముట్టదు."