కోత పడ్డ ఇల్లు

రోడ్డు వెడల్పులో మొగిలమ్మ ఇంటి ముందరి గది గడపతో సహా పోయింది. మిగిలిన సగానికి కొత్త గోడ కట్టి, తలుపును పక్క సందులోకి పెట్టుకున్నారు. ఇదంతా ఆమె పెనిమిటి కొమురెల్లి చనిపోయాక జరిగిన సంగతి. పాపం, అతనికి తెలియదు.

ఒక రాత్రి మొగిలమ్మ కిటికీలోంచి చూస్తే, ఖాళీ రోడ్డు మీద ఒక పొడుగాటి మనిషి ఒకచోట ఆగి, తల వంచి, కాలెత్తి, లేని గడపను దాటాడు. ఇంట్లోకి వచ్చే ప్రతిసారీ కొమురెల్లి వంగే తీరు అదే.

"ఇంకా వంగుడెందుకయ్యా, దర్వాజనే పాయె!" అని మొగిలమ్మ నవ్వబోయి ఆగింది.

కొత్త గోడ మీద అరచేతి చప్పుడైంది, తలుపు కోసం తడుముతున్నట్టు.

"ఆడ కాదయ్యా, సందులకు రా!" అంటూ ఆమె ఉరికిపోయి తలుపు బార్లా తీసింది.

సందులో ఎవరూ లేరు. గోడను తడిమే ఆ చేతి చప్పుడు మాత్రం అటువైపు, తలుపు లేని వైపుకు, మెల్లగా దూరమైపోతోంది.